పుర్రచేతి ముడి

నిన్న మధ్యాహ్నం మా కోడలు సాంబారు కవరు ముడిని కత్తెరతో కత్తిరించింది. అంతమాత్రానికి నాకు అంత కోపం ఎందుకొచ్చిందో ఆ పిల్లకు ఇప్పటికీ అర్థమై ఉండదు. మణుగూరులో మా వాడు ఉండే కాలనీ ముందు ఒక కర్రీ పాయింటు ఉంది. ఎండాకాలం పొయ్యి దగ్గర నిలబడలేక వారానికి రెండు రోజులు కూరలు అక్కణ్ణుంచే తెచ్చుకుంటాం. ఆ కొట్టతను కవరు మూతిని మెలితిప్పి దాంతోనే బిగించి ముడేస్తాడు. "ఇటు తే" అని రెండో కవరు లాక్కుని, గోళ్ళతో గిల్లి గిల్లి విప్పడం మొదలుపెట్టాను. పళ్ళాల ముందు అందరూ కూర్చున్నారు. "అమ్మా, ఆకలైతుంది. పారేసే కవరే గదా" అన్నాడు మా వాడు. "పారేసేదైతే ఏంది? ముడి ఏసినోడు ఇప్పుకొమ్మనే ఏస్తడు, కొయ్యమని కాదు" అన్నాను. పది నిమిషాలు పట్టింది. పప్పు చల్లారింది. అందరూ అదే కలుపుకుని తిన్నారు. చేతులు కడుక్కుంటుంటే నాకే నవ్వొచ్చింది, ఎందుకంటే ఆ మాట నాది కాదు, మా అమ్మది. గొంతు కూడా ఆమెదే.

మా పుట్టినూరు ములకలపల్లి అవతల, అడవి మొదలయ్యే చోట. ఆ ఊళ్ళో ఏదైనా నిలబడి ఉందంటే మేకుల వల్ల కాదు, ముడుల వల్ల. దడి, పందిరి, మేకల కొట్టం, మంచం నులక, ఉట్టి, అన్నీ కట్టుకున్నవే. వాటిలో సగం కట్టింది మా అమ్మ. మా నాన్న నోట్లో నాలుక లేని మనిషి; గుంజ పాతి పక్కకు జరిగేవాడు, అమ్మ వచ్చి కట్టేది. ఆమెది పుర్రచేతి వాటం. చిన్నప్పుడు ఆ చేతి మీద వాతలు పెట్టి మాన్పించాలని చూశారట. అన్నం తినడం వరకు కుడిచేతికి మార్చుకుంది గానీ, కొడవలి, కత్తి, తాడు మాత్రం ఎడమచేతిలోనే ఉండిపోయాయి. అందుకని ఆమె వేసిన ముడి లోకమంతా మెలి తిప్పే వైపు కాకుండా రెండో వైపు తిరిగేది. వేరేవాళ్ళకు దాన్ని విప్పడం చచ్చినా చేతనయ్యేది కాదు. పక్కింటి పెద్దనాన్న తన ఎద్దును ఒకసారి అమ్మ చేత కట్టించుకుని, తెల్లారి విప్పలేక మా ఇంటికొచ్చి, "మరదలా, ఆ ఎద్దు నాదా నీదా చెప్పు" అని అడిగిన మాట మా ఇంట్లో చాలా ఏళ్ళు చెప్పుకున్నాం.

నాకు ఆ ముడి నేర్పింది తునికాకు కోసం. బీడీలు చుట్టే ఆకు అది. ఎండలు ముదిరాక మా వైపు ఇల్లిల్లూ అడవిలోనే ఉంటుంది. పొద్దున్నే ఆకు కోసుకొచ్చి, నీడన కూర్చుని ఏరి, యాభై ఆకులొక కట్టగా పేర్చి, చెట్టునారతో కడతాం. వినడానికి ఇంతేనా అనిపిస్తుంది. కాని పచ్చాకు లావుగా ఉంటుంది, ఎండితే పలచబడుతుంది. పచ్చిగా ఉన్నప్పుడు సరిపోయిన ముడి ఎండాక వదులైపోయి కట్ట విచ్చుకుంటుంది. అలాగని మరీ బిగిస్తే ఆకు అక్కడే చిరుగుతుంది. "ఇయ్యాల ఎట్లున్నదో చూసి కట్టుడు కాదే, ఎండినంక ఎట్లుంటదో చూసి కట్టాలె" అనేది అమ్మ. రెండు చుట్లు తిప్పి, నార తోకను కిందికి దోపి, బొటనవేలితో ఒక్క నొక్కు నొక్కాలి. వదులైతే కట్ట విసిరేసేది, చిరిగితే నా వీపు మీద ఒక దెబ్బ. నాకు కుడిచేతి వాటం. అయినా ఎదురుగా కూర్చోబెట్టకుండా పక్కన కూర్చోబెట్టుకుని నేర్పడంతో, ఆమె చెయ్యి ఎట్లా తిరిగితే నా చెయ్యి అట్లా తిరిగింది. ఇవాళ్టికీ అన్ని పనులకూ నేను కుడిచేతి మనిషినే, ముడి వేయడానికి మాత్రం ఎడమచేతి మనిషిని.

నా పెళ్ళి సంగతి చెప్పకపోతే మిగతాది అర్థం కాదు. నేను పుట్టిననాడే అమ్మ తన అన్నకు మాటిచ్చింది, పిల్లను నీ కొడుక్కే ఇస్తానని. మా బావ మంచివాడే. చెడ్డవాడని చెప్తే నా కళ్ళు పోతాయి. కాని చిన్నప్పటి నుంచి వాణ్ణి చూస్తే నాకు తమ్ముడి మీద వచ్చే విసుగు తప్ప ఇంకోటి రాలేదు. ఆకు ఎండబెట్టే కల్లంలో సంచులు కుట్టడానికి పక్క గూడెం నుంచి ఒకతను వచ్చేవాడు. పొడుగ్గా, ఊరికే నవ్వుతూ ఉండేవాడు. నాకు అతను నచ్చాడు. అమ్మతో చెప్తే ఆమె కోప్పడలేదు, అది చూసే భయమేసింది. "సంచి మూతి కట్టరానోడు సంసారమేం కట్టుకుంటడే" అని మాత్రం అంది. ఆ మాటలో అబద్ధం లేదు, ఆయన కట్టిన సంచులు లారీ ఎక్కకముందే నోరు తెరిచేవి. నేను వినలేదు. భద్రాచలం వెళ్ళి గుడిలో పెళ్ళి చేసుకున్నాం. వారం తిరక్కుండా మేనమామ మా ఊరొచ్చి, గడప బయటే నిలబడి, "నాకు చెల్లె లేదు" అని చెప్పి వెళ్ళిపోయాడట. ఒక్కగానొక్క అన్న. ఆ రోజు నుంచి అమ్మకు పుట్టిల్లు లేదు. అమ్మ కూడా అదే మాట నాకు చెప్పి పంపింది, మా నాన్న చేత: "మీ అమ్మ తనకు బిడ్డ లేదంటున్నది తల్లీ." చెప్తూ ఆయనే ఏడ్చాడు.

సరే, లేకపోతే లేదు అనుకున్నాను. ఆమె మొండిదైతే నేను ఎవరి కూతుర్ని? చిక్కేమిటంటే, మా రెండు ఊళ్ళకూ కలిపి ఒకటే కల్లం. సాయంత్రమయ్యేసరికి అందరూ గంపలు దించి, కట్టలు వరుసలు పేర్చుకుని, ఎవరి కార్డులో వాళ్ళ లెక్క రాసే కల్లేదారు కోసం ఎదురుచూస్తూ కూర్చోవాలి. మూడు ఎండాకాలాలు అట్లా కూర్చున్నాం, ఆమె ఆ కొసన, నేను ఈ కొసన. మధ్యలో నలభై అడుగులు. ఆమెకు నాతో ఏమైనా చెప్పాలనుంటే తన గంపతో చెప్పేది. "కొందరు కడుపుతోని ఉండి ఎండల తిరుగుతుండ్రు, బుద్ధి లేదు" అని గంపను తిట్టేది. నేను నా గంపతో జవాబు చెప్పేదాన్ని. మధ్యన కూర్చున్న ఆడవాళ్ళు ఇటూ అటూ తలలు తిప్పీ తిప్పీ అలిసిపోయేవారు. మూడో ఏటికి నా బిడ్డకు పదో నెల. అమ్మమ్మ దాన్ని ఒక్కసారి కూడా ఎత్తుకోలేదు. అందరి ముందూ పంతం పట్టి కూర్చున్నాను గానీ, ఇంటికెళ్ళే దారిలో మాత్రం రోజూ ఏడుపే. ఆమె ఒక్క మాట, తిట్టైనా సరే, నన్ను చూసి అంటే చాలుననుకునేదాన్ని. ముందు నేనే మాట్లాడితే పోయేది కదా అంటారు. ఏమో, నోరు రాలేదు.

ఆ రోజు ఇంకా ఎండ ఉండగానే గాలిదుమారం లేచింది. మా వైపు ఎండాకాలపు గాలి చెప్పి రాదు. తలెత్తేసరికి అడవి చివరన ఎర్రటి దుమ్ము గోడలాగా లేచి ఉంది. అందరూ గోనెపట్టాలు తెచ్చి కట్టల మీద పరిచి, వాటి మీద పడి కూర్చున్నారు. నేను మాత్రం కట్టలు వదిలేసి చెట్టు కిందికి పరిగెత్తాను. నా బిడ్డ అక్కడ చీర ఉయ్యాలలో ఉంది. నేను చేరేసరికి ఉయ్యాలను రెండు చేతులా కడుపుకు అదుముకుని, గాలికి వీపు పెట్టి అమ్మ నిలబడి ఉంది. నన్ను చూడగానే వదిలేసి, కొంగు దులుపుకుని, ఏమీ ఎరగనట్టు వెళ్ళిపోయింది. నేను బిడ్డను ఎత్తుకుని చెట్టు మొదట్లో కూలబడ్డాను. నాలుగు చినుకులు పడ్డాయి, గాలి పోయింది, మళ్ళీ ఎండ కాసింది. చూస్తే పట్టాలు ఎగిరిపోయి కల్లం నిండా కట్టలే, ఎవరివి ఎక్కడున్నాయో దేవుడికే తెలియాలి.

అప్పటికింకా లెక్క కాలేదు. కల్లేదారు తల పట్టుకుని, "అన్నీ కలిపి తలా ఇన్నని సమానంగా రాస్త, ఏం జేస్తం మరి" అన్నాడు. ఎక్కువ తెచ్చినవాళ్ళు గయ్యిమని లేచారు. అమ్మ మధ్యకొచ్చి కూర్చుంది. "ఆగుండ్రి. ఎవరి ముడి వాళ్ళకెరుకే గదా. ఒక్కొక్కటే ఇటు తెండి" అంది. తెచ్చిన కట్టనల్లా వేలితో తడిమి పక్కకు వేయడం మొదలుపెట్టింది. "ఇది మా తోడికోడలుది. రెండు ముళ్ళు ఏస్తది, ఎవ్వరినీ నమ్మదు." "ఇది మీ అత్తది. తోక ఇంత పొడుగు ఇడుస్తది, ఆమె ముచ్చట లెక్కనే." "ఇది కొత్త కోడలుది. బిగియ్యాలంటే భయం, పాపం." ముందు నవ్వులు, తర్వాత అలకలు, మళ్ళీ నవ్వులు. పక్కింటి పెద్దమ్మ మాత్రం మూతి ముడుచుకుని, "అవ్, నమ్మను, అయితే ఏంది?" అంటూనే తన కట్టలు గంపలో వేసుకుంది. ఒక్కరు కూడా అది నాది కాదనలేదు. ఇరవై మంది చేతులు ఆమెకు అట్లా తెలుసు. గంట గడిచేసరికి ఇరవై కుప్పలు తేలాయి.

ఇంకో పెద్ద కుప్ప మిగిలింది, ఆమె ముందు. బిడ్డ కోసం పరిగెత్తి కట్టలు గాలికి వదిలేసింది మేమిద్దరమే కదా, అన్నిటికన్నా చెదిరినవి మావే. అమ్మ ఒక కట్ట తీసి కుడివైపు పెట్టింది. ఇంకోటి తీసి ఎడమవైపు పెట్టింది. మూడోది తీసి తడిమింది, తిప్పింది, వెలుతురుకు పట్టి చూసింది. ఎడమవైపు పెట్టినదాన్ని మళ్ళీ తీసి రెండూ పక్కపక్కన పెట్టుకుంది. అవే రెండు చుట్లు, అదే రెండో వైపు తిరిగిన మెలి, అదే బొటనవేలి నొక్కు. కల్లేదారు వంగి చూసి, "రెండూ ఒక్కరే కట్టినట్టున్నయి గదనే అక్కా" అన్నాడు. నేను బిడ్డను చంకనేసుకుని దగ్గరికి వెళ్ళి నిలబడ్డాను. ఆమె ఆ కట్టల వైపే చూస్తూ, "నాకు తెలుస్తలేదు" అంది. ఆ మాట ఆమె నోట నేను అంతకుముందు వినలేదు. తర్వాత తలెత్తింది. గంపను కాదు, నన్నే చూసింది. "పిల్లా, నీయి ఎన్ని?" అని అడిగింది.

నూట పద్నాలుగు. ఇంటి దగ్గర లెక్కపెట్టుకునే వచ్చాను. నాలుక చివరి దాకా వచ్చిన లెక్క అది. చెప్పేస్తే కల్లేదారు రాసుకుంటాడు, కుప్ప రెండవుతుంది, ఆమె ఆ కొసకు, నేను ఈ కొసకు. అట్లా కానివ్వకూడదని అక్కడికక్కడే తీర్మానించుకున్నాను.

"లెక్కవెట్టలే" అన్నాను.

కల్లేదారు అమ్మ వైపు తిరిగి, "పోనీ నీయెన్నో చెప్పక్కా, తీసేస్తే మిగిలినయి ఆమెయి" అన్నాడు. మూడుసార్లు లెక్కపెట్టనిదే గంప నెత్తికెత్తని మనిషి మా అమ్మ. నా మొహంలోకి చూసింది. నా అబద్ధం ఆమెకు తెలిసిపోయిందని నాకు తెలిసింది.

"నేను గూడ లెక్కవెట్టలే" అంది.

"గట్లెట్లనే, రెండు కార్డులున్నయి గదా" అని కల్లేదారు గునిశాడు. "ఒక్క కార్డు మీదనే రాయి. దాని దాంట్ల రాయి" అని అమ్మ లేచి నిలబడి, చీర దులుపుకుని, నా మీద విరుచుకుపడింది: "పిల్ల ఉచ్చవోసి ఎంతసేపైందే? తడిబట్టతోనే చంకనేసుకుని తిరుగుతున్నవ్, కండ్లు గనవడ్తలేవా? ఇటు తే." తెచ్చేలోపలే లాగేసుకుంది. మూడేళ్ళ తిట్లూ అప్పుడే తిట్టింది. ఎంత హాయిగా ఉందో నేను చెప్పలేను.

అన్నీ చక్కబడ్డాయని మాత్రం చెప్పను. మేనమామ మళ్ళీ మా గడప తొక్కలేదు. అమ్మ రెండుసార్లు వెళ్ళి వాళ్ళ వాకిట్లో నిలబడి వచ్చింది, మూడోసారి వెళ్ళలేదు. అది నావల్లే. ఆ సంగతి ఆమె నాతో ఒక్కరోజు కూడా అనలేదు, అనకపోవడమే నన్ను ఎక్కువ కోసింది. అయినా మళ్ళీ ఆ వయసు ఇస్తే ఈయన్నే చేసుకుంటాను, సంచి కట్టడం ఇప్పటికీ రాకపోయినా సరే. అమ్మ పోయి ఆరేళ్ళు. ఆ సాయంత్రం తర్వాత ఇరవై రెండేళ్ళు మేం మాట్లాడుకున్నాం, అందులో సగం పోట్లాటలే. అవన్నీ ఎట్లా గడిచిపోయాయో తెలియదు. ఒకరి దగ్గు ఒకరికి వినబడేంత దగ్గర్లో కూర్చుని ఒకరినొకరం పోగొట్టుకున్న ఆ మూడు ఎండాకాలాలు మాత్రం నాకింకా గడవలేదు.