మైకు ఆపని మజీద్

“ఊళ్లో ఇన్ని పేర్లుండగా నీ పేరే చెప్పాలా వాళ్లకి? ఏ కరీమనో చెప్తే నోరు పడిపోయేదా?”

“మైకు చేతిలో ఉంటే వేరే పేరు నోటికి రాదే.”

“పేరు రాదు, సరే. ఇప్పుడు పని కూడా రావట్లా. దానికేమంటావ్?”

గోడ అవతల మాట్లాడుతున్నది జీనత్ పిన్ని. సంజాయిషీ చెప్పుకుంటున్నది మజీద్ బాబాయ్. వాళ్లింట్లో మామూలుగా ఉర్దూ నడుస్తుంది. పోట్లాట ముదిరితే తెలుగులోకి దిగుతారు. మా రెండిళ్లకీ మధ్య ఉన్నది ఒంటి ఇటుక గోడ. నాకు ఉర్దూ సగమే వచ్చినా వాళ్ల గొడవలు మాత్రం పూర్తిగా తెలుసు. డిగ్రీ మధ్యలో వదిలేసి, ఫోన్లో వీడియోలు కత్తిరించి అతికించుకుంటూ పగలంతా ఇంట్లోనే పడుంటాను కాబట్టి వినక తప్పదు కూడా.

ఈ గొడవ సినిమా విడుదలైన రోజు మొదలైంది. మునిసిపల్ ఎన్నికలు వచ్చేసరికి రోజుకో మాటు అయింది.

నరసరావుపేటలో అబ్దుల్ మజీద్ ఎవరని అడిగితే కొందరు తల అడ్డంగా ఊపుతారు. మైకు మజీద్ అంటే మాత్రం ఇంటికి దారి చూపిస్తారు. ఆయన ఆస్తి ఒక ఆటో, దాని నెత్తిన రెండు హారన్లు, సీటు కింద ఆంప్లిఫయరు, చేతిలో మైకు. బట్టల షాపు ఆషాఢం తగ్గింపు, పత్తి విత్తనాలు, రేపు కుళాయిలు రావన్న కబురు, ఫలానా వీధిలో ఫలానావారు కాలం చేశారన్న కబురు, అన్నీ ఆయన గొంతులోనే వినాలి. శివరాత్రికి కోటప్పకొండ తిరనాళ్లలో తప్పిపోయిన పిల్లల్ని పిలిచేదీ ఆయనే. ప్రభల మోతలో, అన్ని పాటల హోరులో, “ఆగండి, వినండి. నేను మీ మజీద్‌ని” అనేసరికి జనం నిజంగానే ఆగేవాళ్లు. నా చిన్నప్పుడు నన్నూ అట్లాగే దొరకబట్టారట. మా అమ్మ ఇప్పటికీ చెబుతుంది.

ఆయన పనిలో ఒక అలవాటు ఉంది. మాట పూర్తవగానే బొటనవేలు మైకు మీద ఉన్న మీటను నొక్కేస్తుంది. దగ్గు వచ్చినా సరే, ముందు మైకు ఆపి తర్వాత దగ్గుతాడు. ఎన్నికలప్పుడు నాయకులు కార్లు దిగి ఆ ఆటోలో పక్కన కూర్చుంటారు. ఫోన్లు మాట్లాడతారు. ఎవరిని కొన్నారో, ఎవరిని బెదిరించారో, ఎవరింటికి ఏ వేళప్పుడు వెళ్లొచ్చారో అక్కడే చెప్పుకుంటారు. ఈయన అన్నీ విన్నాడు. ఒక్క ముక్క బయటికి పోనివ్వలేదు. జీనత్ పిన్నికి కూడా చెప్పడు. ఒక ఎన్నికలో ఒకరి దగ్గర ఒప్పుకున్నాక, ఎదుటివాళ్లు ఎంత ఆశపెట్టినా అటు పోడు. అందుకే పార్టీ ఏదైనా, మాచర్ల నుంచి సత్తెనపల్లి దాకా మజీద్ కావాలనేవాళ్లు.

కిందటేడు బెల్లంకొండ దగ్గర సినిమా తీశారు. రాజకీయాల కథ. ఎన్నికల్లో నిలబడ్డ ఒక పెద్దమనిషి, ప్రచారం చివరిరోజు ఆటోలో కూర్చుని ఫోన్లో తన మనిషితో మాట్లాడతాడు. తను రహస్యంగా కాపురం చేస్తున్న ఆడమనిషినీ, ఆమె కన్న బిడ్డనూ, పోలింగు అయ్యేదాకా గదిలో పెట్టి తాళం వెయ్యమంటాడు. మైకు ఆపి ఉండదు. సెంటరంతా ఆ మాటలు వింటుంది. అక్కడితో ఆయన పని అయిపోతుంది.

ఆ మైకు పట్టుకోవడానికి నిజమైన మనిషి కావాలన్నారు. ఎవరో మజీద్ బాబాయ్‌ని చూపించారు. పొంగిపోయి వెళ్లాడు. ఏ పేరు పెట్టుకుందామని వాళ్లు అడిగితే, మైకులో తన పేరు తప్ప ఇంకోటి తనకి నోరు తిరగదన్నాడు. అదీ బాగానే ఉందన్నారు. ఆటో మీద ఉన్న ‘మైకు మజీద్, నరసరావుపేట’ అన్న రాత కూడా తుడవొద్దన్నారు. కెమెరా ముందు “ఆగండి, వినండి. నేను మీ మజీద్‌ని” అన్నాడు. ఆ తర్వాత, బతుకులో మొదటిసారి, మైకు ఆపకుండా పక్కన పెట్టాడు. బొటనవేలు దానంతటదే మీట మీదికి పోతుంటే నాలుగైదుసార్లు మళ్లీ తీయాల్సి వచ్చిందని నవ్వుతూ చెప్పాడు మాకు.

ఇంకో చిన్న ముక్క కూడా తీశారు. ఒకాయన వచ్చి కవరు ఇస్తాడు, ఈయన తీసుకుని జేబులో పెట్టుకుంటాడు. అది పార్టీవాళ్లు ఇచ్చే కూలి అని చెప్పారట. సినిమాలో చూస్తే ఆ కవరు ఇచ్చింది ఎదుటి పార్టీ మనిషి. కత్తిరింపులో దాన్ని తెచ్చి మైకు సీనుకి ముందు అతికించారు. అంటే మజీద్ డబ్బు తిని, కావాలనే మైకు ఆపలేదు. నేను చేసే పనే కాబట్టి ఎట్లా చేశారో నాకు చూడగానే తెలిసిపోయింది. బాబాయ్‌కి మాత్రం హాల్లో అందరితో పాటే తెలిసింది. మేమంతా కలిసి వెళ్లాం ఆ రోజు. తెర మీద ఆయన కనపడగానే ఈలలు వేసినవాళ్లే, కవరు జేబులోకి వెళ్లగానే ఓయ్ అని అరిచారు. ఆయన ఇంటర్వెల్లో బయటికి వెళ్లి మళ్లీ లోపలికి రాలేదు.

సినిమా ఆడింది. అదే పెద్ద దెబ్బ. ఆ ముక్క ఫోన్లలోకి వచ్చింది. ఎవడు ఏ రహస్యం బయటపెట్టినా కింద బాబాయ్ బొమ్మ అతికించడం మొదలుపెట్టారు. ఒకరోజు నేను ఆ కవరు సంగతి వివరిస్తూ వీడియో చేసి పెట్టాను. చూసినవాళ్లు నవ్వుకున్నారు. నీకెంత ఇచ్చాడ్రా కవర్లో అని రాశారు కింద.

ఎన్నికలు దగ్గరపడ్డాక నన్నూ వెంట రమ్మని చెన్నకేశవరావు గారింటికి తీసుకెళ్లాడు బాబాయ్. ఆయన భార్య కుసుమ గారు మహిళలకి కేటాయించిన వార్డులో నిలబడింది. నిలబడింది ఆమె, కూర్చుని నడిపేది ఈయన. చెన్నకేశవరావు గారికి ఇంతకుముందు ప్రతి ఎన్నికకీ బాబాయే తిరిగాడు. ఆయన లోపలికి పిలిచి, కాఫీ ఇప్పించి, మోకాళ్ల నొప్పుల గురించి చానాసేపు మాట్లాడాడు. చివరికి బాబాయే ప్రచారం మాట ఎత్తాడు.

“అయ్యా, ఆటో ఎప్పుడు తెమ్మంటారు?”

“ఈసారి రికార్డింగు పెట్టించార్రా మజీదూ. గుంటూరులో చేయించారు కుర్రోళ్లు.”

“రికార్డింగు వీధి పేరు చెప్పుద్దా అయ్యా? పలానా పెద్దమ్మా బాగుండావా అని అడుగుద్దా?”

“అడగదు. కానీ నీ మీద నమ్మకం లేక కాదురా. నువ్వేందో నాకు తెలవదా? ఇప్పుడు నువ్వు నా ఆటోలో ఉంటే, వీడింట్లో ఏం దాచాడో అని చూస్తారు జనం. దాచింది లేకపోయినా చూస్తారు.”

అది సినిమా అని బాబాయ్ అన్నాడు. నాకు తెలుసు కదా అని ఆయనన్నాడు. ఇద్దరికీ తెలిసిన సంగతే, ఇద్దరూ ఏమీ చెయ్యలేకపోయారు. కుసుమ గారు తలుపు దగ్గర నిలబడి వింటోంది. ఒక్క సాయంత్రం తిరగనిచ్చి చూద్దాం, పాతమనిషి కదా అంది. భార్య మాటకి ఆయన మొదటిసారి తల ఊపాడనుకుంటా.

ఆ సాయంత్రం ఆటో నేనే నడిపాను. బాబాయ్ ఉతికిన చొక్కా వేసుకుని, గొంతుకి మిరియాల పాలు తాగి కూర్చున్నాడు. వెనక సీట్లో కుసుమ గారు, ఇద్దరు ఆడవాళ్లు. మొదటి సందు మలుపులో, “ఆగండి, వినండి. నేను మీ” అన్నాడో లేదో, అరుగు మీద కూర్చున్న కుర్రాళ్లు మిగతాది అందుకున్నారు. మజీద్‌ని అని కోరస్‌గా అరిచి, మైకు ఆపావా మజీద్ భాయ్ అన్నారు. టీకొట్టు దగ్గర అదే మాట. కిరాణా కొట్లో పప్పు తూచుతున్న ఆయన కూడా కాటా ఆపి అదే మాట. ఎవరి ముఖంలోనూ కక్ష లేదు. అందరికీ సరదాగానే ఉంది. ఒక పెద్దావిడ మాత్రం ఆటో దగ్గరికి వచ్చి, కుసుమ గారి వంక చూసి, “ఏమే అమ్మా, నీ మొగుడి సంగతి కూడా చెప్తాడా ఈయన?” అంది. వెనకున్న ఇద్దరు ఆడవాళ్లకీ నవ్వాగలేదు. కుసుమ గారు కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. నవ్వు దాచుకోవడానికో, ఏడుపు దాచుకోవడానికో నాకు అద్దంలో సరిగ్గా కనపడలేదు.

బాబాయ్ మాత్రం ప్రతి మాట తర్వాతా మైకు ఆపుతూనే ఉన్నాడు. టక్కు టక్కుమని ఆ చప్పుడు నాకు వినపడుతూనే ఉంది. వీధిలో ఎవరికీ వినపడలేదు.

మర్నాడు ఆయన్ని రావద్దన్నారు. ఎదుటివాళ్లు తమ ఆటోలో మజీద్ బొమ్మ పెట్టి, మైకు ఆపకు భాయ్ అని పాట కట్టించారు. దానికి ఆయన్ని ఎవరూ అడగలేదు. ఎవరిని అడగాలో ఆయనకీ తెలీదు. సినిమావాళ్ల నంబరు నేను నాలుగు చోట్ల కనుక్కుని చేస్తే, ఎత్తిన అమ్మాయి, సార్ కొత్త సినిమాలో బిజీగా ఉన్నారు, అయినా మీ బాబాయ్‌కి మంచి పేరొచ్చింది కదండీ అంది.

ఎన్నికలు అయ్యాయి. కుసుమ గారు ఓడిపోయింది. ఆ ఒక్క సాయంత్రం వల్లే అని చెన్నకేశవరావు గారి మనుషులు అనుకున్నారట. బట్టల షాపువాళ్లూ రికార్డింగుకే మారారు. శివరాత్రికి కోటప్పకొండకి వెళ్తే, తప్పిపోయిన పిల్లల పేర్లు ఈయన నోట వినగానే జనం నవ్వుతున్నారని, కమిటీవాళ్లు మైకు మర్యాదగా తీసుకున్నారు. అట్లా ఒక్కొక్కటీ పోయాక, రోజూ పొద్దున ఆటో తుడిచి, హారన్ల మీద గుడ్డ కప్పి, మళ్లీ లోపలికి వెళ్లేవాడు. జీనత్ పిన్ని పోట్లాడటం మానేసింది. గోడ అవతలి నుంచి ఏమీ వినపడకపోవడం నాకు ఇంకా చికాకుగా ఉండేది.

పోయిన వారం బాబాయ్ వాళ్ల అన్న మహమూద్ పోయాడు. మెకానిక్ మహమూద్ అంటే ఈ ఊళ్లో ఆటో ఉన్న ప్రతివాడికీ తెలుసు. తెల్లవారుజామునే పోయాడు, సాయంత్రం అసర్ నమాజు అయ్యాక జనాజా లేస్తుంది, కబరస్తాన్‌లో మట్టి ఇస్తారు అన్నారు. మసీదు మైకులో చెప్పారు. కానీ మహమూద్ చేత బండి బాగు చేయించుకున్నవాళ్లు అన్ని వీధుల్లోనూ ఉన్నారు. వాళ్లందరికీ తెలియాలంటే ఆటో తిరగాలి. ఊరందరి చావులూ చెప్పినవాడు సొంత అన్న చావు చెప్పకపోతే ఎట్లా అని, గుడ్డ తీసి బయల్దేరాడు బాబాయ్. ఒక్కడే వెళ్లాడు. నేను వస్తానంటే వద్దన్నాడు.

పావుగంటకే తిరిగొచ్చాడు. ఆటో మా ఇంటి ముందు ఆపి, దిగకుండా కూర్చున్నాడు. ఏమైందని అడిగితే చెప్పాడు. సెంటర్లో మొదలుపెట్టాడట. ఆగండి, వినండి అనగానే ఆగారట. నేను మీ మజీద్‌ని అనగానే నవ్వారట. మా అన్న మహమూద్ చనిపోయాడు అన్నాక కూడా కొందరు నవ్వారట, ఇంకో సినిమా అనుకుని. ఒకడు ఫోను తీసి పట్టుకున్నాడట, మళ్లీ చెప్పు భాయ్, సరిగ్గా రాలేదు అని.

“తెలవక నవ్వార్లే. వాళ్లనేం అంటాం?” అన్నాడు.

నేను వెళ్లి ఆ ఫోను పట్టుకున్నవాడెవడో కనుక్కుంటానన్నాను. వెళ్లి ఏం చేస్తావురా, వాణ్ణి కొడితే వచ్చే జనం అంతా జనాజాకి వస్తారా అన్నాడు. పొద్దు నడినెత్తికి వస్తోంది. బాబాయ్ వాళ్లింట్లోంచి ఆడవాళ్ల ఏడుపు వినపడుతోంది. ఆయన అరచేతిలో మైకు అట్లాగే ఉంది, వేలు మీట మీదే ఉంది.

ఆటో దిగి, నడిపే సీట్లో నన్ను కూర్చోబెట్టి, తను నా పక్కన కూర్చున్నాడు. మైకు నా చేతిలో పెట్టాడు. ఏం చెప్పాలో నెమ్మదిగా చెప్పాడు. పెద్దల పేర్లు, ఇంటి గుర్తు, కబరస్తాన్ దారి, అంతా వరసగా. మహమూద్ గారి భార్య పేరు చెప్పాడు, కొడుకుల పేర్లు చెప్పాడు. చావు కబురులో తమ్ముళ్ల పేర్లు కూడా రావాలి, ఆయన నేర్పిన పద్ధతే అది. ఫలానా వారి అన్నగారు అంటేనే జనం గుర్తుపడతారు. అందుకే నేను, మైకు మజీద్ గారి అన్నగారు అని ముందే మొదలుపెడతానన్నాను.

ఆయన నా మణికట్టు పట్టుకున్నాడు.

“అంతా చెప్పరా. చానా మెల్లగా చెప్పు, అందరికీ అందాలి. నా పేరొక్కటి పలకమాక.”