గురవమ్మ గోడ మీద ఎర్ర బాణం

నా ఉద్యోగ విరమణకు ఇంకా రెండేళ్లుందనగా, ఒక ఫిబ్రవరి మొదటి శనివారం నాడు, మార్కాపురంలో మొదలై మార్కాపురంలోనే ముగిసే ఒక పగటి సైకిలు యాత్రకు నన్ను బాధ్యుడిగా వేశారు. గ్రామీణ యాత్రలు నడిపే ఒక సంస్థలో అప్పట్లో నేను సీనియర్ రూట్ గైడును. ఆ ప్రాంతానికి ఉన్న రూట్ గైడు నేనొక్కణ్ణే కాబట్టి ఎవరికంటే సీనియర్‌నో నాకెవరూ చెప్పలేదు. యాత్ర నలభై కిలోమీటర్లకు కొంచెం ఎక్కువ. పొద్దున పలకలు కోసే షెడ్డు, తరువాత రెండు పల్లెలు, ఒక పల్లెలో సద్ద రొట్టెలతో ఫలహారం, గుట్ట కింద పాడుబడిన కోట దగ్గర గంటన్నర, భోజనం, నాలుగింటికల్లా తిరిగి రావడం. అతిథులు ఎనిమిది మంది, అందరూ హైదరాబాదు వాళ్లు.

ఈ పని తెలియని వారికి రెండు మాటలు చెప్పాలి. సైకిలు యాత్రలో గైడు ముందు నడుస్తాడని చాలామంది అనుకుంటారు. మా పద్ధతిలో గైడు చివర నడుస్తాడు. దీన్ని స్వీప్ అంటారు. అతిథి ఎవరూ తన వెనుక మిగిలిపోకుండా చూడడం స్వీప్ పని. ముందు దారి చూపేవి గుర్తులు. యాత్రకు వారం ముందు గైడు ఒక్కడే దారంతా తొక్కి చూసుకుంటాడు. దాన్ని రెక్కీ అంటాం. ప్రతి మలుపులోనూ రాయి మీద ఎర్ర పెయింటుతో ఒక బాణం, దాని కింద మలుపు సంఖ్య వేస్తాడు. రాయి లేని చోట గోడ మీద వేయవచ్చు. అయితే ఇంటి యజమానిని అడిగి, ఒప్పుకుంటేనే వేయాలి. ఇది మా నిబంధనల పుస్తకంలో నాలుగో పేజీలో ఉంది. ఆ పుస్తకం తయారు చేసిన ముగ్గురిలో నేనొకణ్ణి.

రెక్కీకి వెళ్లిన రోజు శుక్రవారం. ఏడో మలుపు దగ్గర రాయి లేదు. ఊరి చివర రెండు గదుల పెంకుటిల్లు ఒకటే ఉంది. దాని పక్క నుంచి ఎడమకు తిరిగితే అర కిలోమీటరులో కోట వస్తుంది. ఇంటికి తాళం వేసి ఉంది. దొడ్లో మేకలు లేవు. మనిషి మేకలతో పోయిందని, ఎండ తగ్గాక వస్తుందని తెలుస్తూనే ఉంది. కాని సాయంత్రం మా చర్చి సంఘంలో ఉపవాస కూడిక. వాక్యం చెప్పాల్సింది నేను. నేను సంఘ పెద్దను, ఇరవై ఏళ్లుగా పిల్లలకు సండే స్కూలు కూడా చెబుతున్నాను. కూడికకు ఒక్కసారి కూడా ఆలస్యంగా వెళ్లలేదు. గోడ మీద బాణం వేశాను, కింద ఏడు అంకె వేశాను, వచ్చేశాను. ఆ సాయంత్రం పొరుగువారిని గురించి నలభై నిమిషాలు చెప్పాను. బాగుందని పాస్టరు గారు అన్నారు.

యాత్ర రోజు పొద్దున ఆరింటికి అతిథుల హెల్మెట్లు, బ్రేకులు సరిచూసి బయలుదేరాం. సామాను ఆటో తోలేది ఖాదర్. నీళ్ల డబ్బాలు, అదనపు ట్యూబులు, పంపు, మందుల పెట్టె, మిగిలిన పెయింటు డబ్బా అతని దగ్గర ఉంటాయి. పలకల షెడ్డులో అందరూ తలా ఒక పలక కొన్నారు. ఎనిమిది పలకలూ ఖాదర్ ఆటోలోకి చేరాయి. రొట్టెలు తినేటప్పుడు ఒకతను పచ్చిమిరపకాయల కారం ఎక్కువ వేసుకుని రెండు సీసాల నీళ్లు ఖాళీ చేశాడు. అంతవరకు యాత్ర అనుకున్నట్టే సాగింది.

ఫలహారం తరువాత ఒక అతిథి సైకిలు చైను ఊడితే ఎక్కించడానికి నేను ఆగాను. మిగిలినవారు బాణాలు చూసుకుంటూ ముందుకు పోయారు. ఏడో గుర్తు దాటగానే కోట అని పొద్దున నేనే వాళ్లకు చెప్పి ఉన్నాను. మొదట చేరిన నలుగురికి ఏడో గుర్తు కనిపించింది. దాని వెనుక పైకప్పు లేని గోడలు, తలుపు లేని వాకిలి, పక్కన పేర్చిన పెంకులు కనిపించాయి. వాళ్లు సైకిళ్లు దిగి ఫొటోలు తీయడం మొదలుపెట్టారు.

అక్కడ జరిగిన మాటలు ఆ నలుగురిలో ఒకరైన దంత వైద్యురాలు తరువాత నాకు వివరంగా చెప్పింది. పెంకుల దగ్గర ఒక ముసలామె కూర్చుని ఉంది. పేరు గురవమ్మ. వైద్యురాలు ఆమెను, ఈ కట్టడం ఏ కాలం నాటిది అవ్వా, అని అడిగింది.

“మా పెండ్లయినాక రెండేండ్లకు కట్టినాము” అంది గురవమ్మ.

కోటను గురించి స్థానికుల్లో ఉన్న నమ్మకం ఏదో ఇదై ఉంటుందని వైద్యురాలు అనుకుంది. మరి ఎందుకు ఇలా పాడుబడింది అని అడిగింది.

“ఎందుకు పడిందని నన్నడుగుతావేంది తల్లీ? గుర్తు పెట్టిపోయింది మీరే గదా. మీరొచ్చేలోపల నేనే దించుకుంటాండా. ఇంకా రెండు దినాలు ఆగకూడదా?”

నేను చేరేసరికి వైద్యురాలు ఫోను సంచిలో పెట్టేసుకుని నిలబడి ఉంది. నేను మొదట చూసింది గోడను. నా బాణం అలాగే ఉంది. ఇల్లే లేదు.

విషయం అర్థం కావడానికి ఎక్కువసేపు పట్టలేదు. అంతకు ముందు మా ప్రాంతంలో ఒక పెద్ద రోడ్డు వెడల్పు చేసినప్పుడు, కొట్టేయాల్సిన ఇళ్ల గోడల మీద ఎర్ర రంగుతో గుర్తులు, అంకెలు వేశారు. గుర్తు పడ్డ ఇంటివాళ్లు తెలివైన వాళ్లయితే యంత్రం వచ్చేదాకా ఆగరు. యంత్రం కొడితే దూలాలు విరిగిపోతాయి, పెంకులు పొడి అవుతాయి. అందుకని ముందే తలుపులు, వాసాలు, పెంకులు దించుకుని దాచుకుంటారు. గురవమ్మ తెలివైనది. వారం రోజుల్లో వెనుక గది పెంకులూ వాసాలూ దించేసింది. ముందు గది పెంకులు దించింది. ద్వారబంధం పెకలించింది. ఇక మిగిలినవి ముందు గది వాసాలు, రెండు దూలాలు. వాటిని ఆమె తమ్ముడు చెన్నయ్య తాను కట్టుకునే పశువుల కొట్టానికి తీసుకుపోవడానికి ట్రాక్టరుతో బయలుదేరాడు. దూలాలు లాగేస్తే గోడలు నిలబడవు. అవి రాయీ మట్టీ గోడలు.

ఎవరినైనా అడిగి ఉండాల్సింది కదమ్మా అన్నాను. ఆ మాట అనే హక్కు నాకు లేదని అన్నాక తెలిసింది.

“అడిగితే ఇంకా బిరీన వస్తారని మా చెన్నయ్య చెప్పినాడు” అంది ఆమె.

సండే స్కూల్లో ప్రతి ఏడాదీ నేను పిల్లలకు ఒక కథ చెబుతాను. వాకిలికి గుర్తు ఉన్న ఇంటి జోలికి నాశనం రాకుండా దాటిపోయిన రాత్రి కథ అది. చార్టు మీద ఎర్ర స్కెచ్చు పెన్నుతో గుర్తు గీసి చూపిస్తాను. ఆ వాకిలి ముందు నిలబడ్డప్పుడు నాకు ఆ చార్టు గుర్తుకొచ్చింది. తప్పు చేస్తే దేవుని ఎదుట ఒప్పుకోవాలని నేర్చుకున్నవాణ్ణి, నేర్పినవాణ్ణి. నష్టపోయిన మనిషి ఎదురుగా ఉంటే ముందు ఆ మనిషి దగ్గరే మొదలుపెట్టాలని కూడా నేర్పాను. దాన్ని ఎనిమిది మంది అతిథుల ముందు చేయాల్సి వస్తుందని మాత్రం ఎప్పుడూ అనుకోలేదు.

ఇంతలో చెన్నయ్య వచ్చాడు. ట్రాక్టరు ట్రాలీలో మోకులు, గడ్డపారలు ఉన్నాయి. అతను హెల్మెట్లు చూసి, కొలతల వాళ్లు వచ్చారని నిర్ణయించుకుని నాకు నమస్కారం పెట్టాడు.

ఈ గుర్తుకూ రోడ్డుకూ ఏ సంబంధమూ లేదని, సైకిళ్లకు మలుపు చూపడానికి వేసిందని, అడగకుండా వేశానని, తప్పు పూర్తిగా నాదేనని చెప్పాను. చెన్నయ్య నమ్మలేదు. అతను కొట్టానికి గుంజలు పాతడానికి గుంతలు తవ్వి వచ్చాడు. కాబట్టి నమ్మడం అతనికి అంత సులువు కాదు.

“సైకిలు తొక్కేదానికి ఎవురన్నా గోడలకు రంగు పూస్తారా సారూ? నేను పుట్టినప్పటినుంచి తొక్కుతాండా. ఏ పొద్దూ పూయలా.”

అప్పుడు ఖాదర్ ఆటోలోంచి పెయింటు డబ్బా, బ్రష్షు తెచ్చి అందరి ముందు పెట్టాడు. “ఇదో చూడన్నా, ఇదే రంగు. మా సారే పూసినాడు. సారూ, మీరే గదా?” అన్నాడు. అవునన్నాను. నిజం చెప్పడంలో అతను నాకు సాయం చేశాడు. అంత గట్టిగా చెప్పకపోయినా సరిపోయేది.

“అన్నీ నాటకాలక్కా” అన్నాడు చెన్నయ్య. “మనల్ని ఊరుకోబెట్టి, దూలాలు దించకముందే మిషన్ తెస్తారు.”

గురవమ్మ లేచి వచ్చి నన్ను దగ్గరగా చూసింది. “ఒరే, ఆయప్ప తప్పు నాదేనని నాలుగు తూర్లు అన్నాడు. ఆఫీసరైతే అట్లంటాడా?”

చెన్నయ్య ఆలోచించాడు. “అనడులే” అన్నాడు. మోకులు మళ్లీ ట్రాలీలో వేశాడు. ఆమె ఇల్లు నిలబడింది ఆ ఒక్క వాదన మీద. అందులో నా హోదాకు గాని, నిబంధనల పుస్తకానికి గాని పాత్ర లేదు.

తరువాత ఆమె తమ్ముడి వైపు తిరిగింది. “గుంతలు తొవ్వుకున్నావు గదా, వాటిల్లో నువ్వే నిలబడు” అంది. ఆ తరువాత నా వైపు. “ముందు ఆ గుర్తు తీసెయ్ నాయనా. పెంకుల సంగతి తర్వాత.”

ఆయిలు పెయింటు తుడిస్తే పోదు. గడ్డపార మొనతో గోడ పూత గీకి తీశాను. అరచేతి వెడల్పు గుంట పడింది.

కార్యక్రమం ప్రకారం శిథిలాల దగ్గర గంటన్నర ఉంది. నేను అతిథులకు రెండు దారులు చెప్పాను: ఖాదర్ వెంట కోటకు వెళ్లవచ్చు, లేదా నేను ఇక్కడి పని చూసేదాకా ఆగవచ్చు. ఇద్దరు కోటకు వెళ్లారు. ఆరుగురు ఆగారు. చెన్నయ్య వాసాల మీదికెక్కాడు. మేం నిచ్చెన దగ్గర వరుసగా నిలబడి పెంకులు చేతి నుంచి చేతికి అందించాం. పెంకు పెంకుకూ మధ్య ఎంత ఎక్కించాలో చెన్నయ్య చూపించాడు. దంత వైద్యురాలు కింద నుంచి సందులు చూసి ఎక్కడెక్కడ ఖాళీ ఉందో చెబుతూ వచ్చింది. ఆమె చెప్పినవన్నీ సరైనవేనని చెన్నయ్య ఒప్పుకున్నాడు. కోటకు వెళ్లిన ఇద్దరూ ఇరవై నిమిషాల్లో తిరిగొచ్చారు. అక్కడ కూడా పైకప్పు లేదని, దాన్ని మాత్రం ఎవరూ కప్పడం లేదని చెప్పి వరుసలో నిలబడ్డారు.

రెండున్నరకు ముందు గది కప్పు పూర్తయింది. ద్వారబంధం నిలబెట్టడానికి మేస్త్రీ కావాలి. సోమవారం నేను సెలవు పెట్టి మేస్త్రీని తీసుకొచ్చాను. అప్పటిదాకా ఆమె వాకిలికి గోనెపట్టా కట్టుకుంది. వెనుక గది వాసాలు కూడా అదే రోజు ఎక్కించుదామన్నాను. ఆమె ఒప్పుకోలేదు.

“నువ్వు గాదంటివి, సరే. నీ వెనక ఇంకెవరన్నా వస్తే?”

అలా ఎవరూ రారని చెప్పే అధికారం నాకు లేదు. ముందు గదిలోనే వంట, పడక అన్నీ పెట్టుకుంది. వెనుక గది పెంకులు దొడ్డి గోడ పక్కన పేర్చే ఉండేవి. నేను నెలకొకసారి వెళ్లి చూసి వచ్చేవాణ్ణి. వేసవి అంతా గడిచింది. వానలు పడి, జొన్న వేసి, కోసేదాకా చూసి, అప్పటికీ ఎవరూ రాలేదు కాబట్టి, ఆమె వెనుక గది కప్పించింది. ఆ రోజు కూడా నేను పెంకులు అందించాను. నన్ను ప్రత్యేకంగా పిలవలేదు, వద్దని కూడా అనలేదు.

యాత్ర నివేదికలో జరిగింది జరిగినట్టు రాశాను. యజమాని అనుమతి అన్న గడిలో లేదు అని రాశాను. వారం తరువాత వివరణ కోరుతూ మెమో వచ్చింది. వివరణలో నివేదికలోని వాక్యాలే మళ్లీ రాశాను. ఏడాది ఇంక్రిమెంటు ఆపారు. అతిథుల అభిప్రాయ పత్రాల్లో మాత్రం ఎనిమిదింటిలో ఏడు ఆ యాత్రను మెచ్చుకున్నాయి. ఎనిమిదో ఆయన కోట దగ్గర సమయం చాలలేదని రాశాడు. అది న్యాయమైన ఫిర్యాదే. దారి వార్షిక జాబితాలో చేరింది.

నేను విరమించే ముందు కొత్త గైడులకు శిక్షణ ఇమ్మన్నప్పుడు ఈ సంగతే చెప్పాను. యజమాని కనిపించకపోతే గోడ మీద గుర్తు వేయకూడదు. తాళం వేసి ఉంటే తాళం తీసేదాకా అక్కడే కూర్చోవాలి. కూర్చునే వీలు లేకపోతే యాత్ర రోజు ఆ మలుపులో మనిషిని నిలబెట్టాలి. ఆ రోజు నేను కొత్తగా నేర్చుకున్నది ఏమీ లేదు. ఇదంతా నాలుగో పేజీలో ముందే ఉంది.