బట్టమేక పిట్టల దొరసాని

నేను ఆదోనికి కాపురానికి వచ్చిన ఏడాదే మా అత్తవారి మేడగదుల్లో ఆమె అద్దెకు దిగింది. మా మామది పత్తి వ్యాపారం. ఆమె ఒక సంస్థానం రాజుగారి చెల్లెలు, చిన్నతనంలోనే భర్త పోయిన మనిషి. దొరసానమ్మ అనేవాళ్ళం. పసితనంలో కోటగోడల మీద పావురాలను చూడటంతో మొదలైన పిట్టల పిచ్చి నలభై దాటినా ఆమెను వదల్లేదు. పిచ్చి అన్న మాట ఊరిది, నాది కాదు. ఆమె అన్నగారు గుర్రాల వెంట తిరిగితే మాత్రం అది రాజసమట.

ఆమె మా వైపుకు వచ్చిందే బట్టమేక పిట్టల కోసం. మనిషి నడుమెత్తు ఉండే ఆ పిట్టలు ఆలూరు దారిలోని బీళ్ళలో మేసేవి. పొద్దున్నే బండి కట్టించుకుని పోయేది. మా అత్తను ఒప్పించి అప్పుడప్పుడు నన్నూ వెంట తీసుకుపోయేది. ఒక వానాకాలం ఆడపిట్ట వట్టి నేల మీద గుడ్డు పెట్టింది. దొరసానమ్మ దుర్భిణి నా చేతికిచ్చి, "ఒకటే పెడ్తుందమ్మా. బెదిరితే లేచిపోతుంది, దగ్గరికి పోగూడదు," అంది.

ఆ వారంలోనే ఆమె అన్న ఒక తెల్లదొరతో కారులో దిగాడు. యుద్ధం రోజులు. రోగిని ఆసుపత్రికి చేర్చడానికి దొరకని పెట్రోలు ఆయన వేటకు దొరికింది.

"ఆ పిట్టలు యాడుంటాయో నీకు తెలుసు కదా. దొరకు చూపించు," అన్నాడు.

"చూడ్డానికైతే చూపిస్తా. తుపాకులు ఈడ పెట్టి రాండి."

ఆయన నవ్వి, ఆమె బండివాణ్ణి కారెక్కించుకున్నాడు. రాజు రమ్మంటే అతనేం చేస్తాడు? అతని మీద నాకు కోపం లేదు.

మధ్యాహ్నానికి ఆ పిట్టను కాల్చి తెచ్చి, కోడిగుడ్డు కూడా ముట్టని మా ఇంటి వాకిట్లో పడేశారు. "ఇన్నేండ్లు దూరం నుంచి చూసినావు. ఇప్పుడు దగ్గరగా చూసుకో," అన్నాడు రాజు. దొర నవ్వాడు. మా మామ కూడా నవ్వాడు. ఆ నవ్వును నేను ఈనాటికీ క్షమించలేదు.

ఆమె కింద కూర్చుని విరిగిన రెక్కను సర్దింది. "గుడ్డు ఎండలో ఉంది," అంటూ లేచింది. నేను ఎవరినీ అడగకుండా బండెక్కాను. మేం పోయేసరికి పెంకులే మిగిలాయి. కాకులు తినేశాయి.

"పొదుగుతా ఉన్న తల్లిని కొట్టినారు. దీన్ని వేట అంటారా?" అంది ఆమె.

మర్నాడే మా మామ ఆమెను గదులు ఖాళీ చేయమన్నాడు.

"ఆయమ్మ ఏం తప్పు చేసినాది మామా?"

"తప్పని ఎవురన్నారు పాపా? రాజులతో మనకెందుకు?"

మా అత్త బాధల్లా వాకిలి మైలపడిందనే.

దొరసానమ్మ ఎమ్మిగనూరులో నేతగాళ్ళ వీధిలో చిన్న ఇల్లు తీసుకుంది. బతికున్నంతకాలం నందవరం వైపు ఏటి ఒడ్డుకు పోయి పిట్టలను చూస్తూనే ఉంది. నాలుగైదేళ్ళకు జ్వరంతో పోయింది. నేనూ మా ఆయనా వెళ్ళాం. అన్న కూడా వచ్చాడు. పరామర్శకు వచ్చినవాళ్ళతో, "పాపం, దానికి మతి సరిగా ఉండేది కాదు," అంటున్నాడు.

"మీ ఇంట్లో, మా ఇంట్లో మతి ఉన్నది ఆయమ్మకొక్కదానికే," అన్నాను, అందరికీ వినబడేలా.

ఆయన నా వైపు చూసి, ఎవరీమె అని పక్కవాణ్ణి అడిగాడు. మా ఆయన నా చెయ్యి పట్టుకుని వీధిలోకి లాక్కొచ్చాడు. బస్సెక్కేదాకా నేను ఆ మాట అంటూనే ఉన్నాను.