మా నాన్నని రాసిచ్చేసిన అక్క

మా అక్క ఏం చేస్తుందని ఎవరైనా అడిగితే "ఏదో ఏజెన్సీలో రాతపని" అని ఊరుకుంటాం. అసలు సంగతేమిటంటే, కంపెనీలు నడిపే పెద్దమనుషుల్ని మేధావులుగా తయారుచేసే కొట్టు అది. ఆయనగారు ఉక్కు అమ్మనీ, ఉల్లిపాయలు అమ్మనీ, నెలకి నాలుగు వ్యాసాలు, మధ్యమధ్య ఉపన్యాసాలు, ఏడాది తిరిగేసరికి ఓ పుస్తకం ఆయన పేరు మీద బయటికి రావాల్సిందే. అలా వస్తే ఆయన్ని 'థాట్ లీడర్' అంటారట. ఆలోచన ఒకరిది, లీడరు ఇంకొకరు. సొమ్మొకడిది సోకొకడిది అని ఊరికే అన్నారా మనవాళ్ళు!

నాకు నోరెక్కువ. కళ్ళజోళ్ళ షాపులో పదహారేళ్ళుగా "ఈ అక్షరం కనబడుతోందా, పోనీ ఇదీ?" అని అరిచి అరిచి గొంతు పెరిగిపోయింది. అక్క అలా కాదు. పక్కగదిలో ఎవరో నిద్రపోతున్నట్టు మాట్లాడుతుంది. కానీ కలం పట్టుకుంటే ఎవరి గొంతైనా పలికేది. చిన్నప్పుడు మా వీధిలో సెలవు చీటీ కావాలన్నా, కుళాయిలో నీళ్ళు రావట్లేదని ఇంటి ఓనరుకి ఉత్తరం కావాలన్నా అందరూ అక్క దగ్గరికే వచ్చేవాళ్ళు. ఎదురింటి టైలరు తరఫున రాస్తే అచ్చం ఆ టైలరే గొణుగుతున్నట్టుండేది.

మా నాన్న లిఫ్టు మెకానిక్కు. రిపేరు అయ్యాక వెంటనే ఎవర్నీ ఎక్కనిచ్చేవాడు కాదు. ముందు తనొక్కడే ఎక్కి, పైకీ కిందకీ అయిదుసార్లు తిరిగొచ్చి, అప్పుడు "ఊఁ, రండి" అనేవాడు. సామాన్లు పట్టుకుని నిలబడ్డవాళ్ళు విసుక్కునేవాళ్ళు. "నేనెక్కని దాంట్లో మీ పిల్లల్ని ఎలా ఎక్కించమంటారు?" అని కసిరేవాడు. తమాషా ఏమిటంటే, ఆ మహానుభావుడికి లిఫ్టంటే భయం. లోపల కడ్డీ పట్టుకుని, కళ్ళు మూసుకుని ఏదో కూనిరాగం తీసేవాడు. సెలవుల్లో ఆయన వెంట వెళ్ళిన మా ఇద్దరికీ తప్ప ఆ సంగతి అమ్మకి కూడా తెలీదు.

నాన్న పోయాక మాకు మిగిలిన ఆస్తి ఆ కథే. చిన్ని పుట్టాక దానికి అన్నం తినిపిస్తూ అక్క అదే చెప్పేది. చిన్ని అంటే అక్క కూతురు. ఎంత ఎదిగినా అక్క నోట అది 'పసిది'. బావ పోయి ఆరేళ్ళయింది. అప్పట్నుంచీ ఇల్లూ, దాని చదువూ అన్నీ అక్క జీతం మీదే నడుస్తున్నాయి.

ఇక ఏజెన్సీలో ఒక పద్ధతుంది. క్లయింటుకి ముందుగా ప్రశ్నల కాగితం పంపిస్తారు. మీ నాన్నగారి దగ్గర ఏం నేర్చుకున్నారు, మొదటిసారి ఎప్పుడు దెబ్బతిన్నారు, ఇలాంటివి. ఆ పెద్దమనుషులకి జవాబు రాసే తీరికెక్కడిది? అందుకని రాసేవాళ్ళే ఖాళీ జాగాలో ఏదో నమూనా సంగతి పెట్టి, దానికి పసుపు రంగు పూసి, 'ఇలాంటిది మీది ఒకటి చెప్పండి' అని పక్కన రాసి పంపిస్తారు. ఆయన పసుపు రంగుది తీసేసి తనది పెట్టాలి. మామూలుగా ఉత్తుత్తి సంగతేదో పెడతారట. రెండేళ్ళ క్రితం ఒకరోజు అక్కకి ఒళ్ళు కాలిపోయే జ్వరం. గంటలో డ్రాఫ్టు వెళ్ళాలి, బుర్ర పనిచెయ్యట్లేదు. నాన్న కథ పెట్టేసింది.

ఆ క్లయింటు ఓ పెద్ద కంపెనీ ఛైర్మన్ గారు. ఆయన దగ్గర్నుంచి ఒక్క ముక్క జవాబొచ్చింది: "చాలా బాగుంది, ఇలాగే ఉంచండి." వాళ్ళ నాన్నకి నాలుగు సినిమా హాళ్ళుండేవట, లిఫ్టు రిపేరన్నదే ఎరగడు. అక్క భయపడుతూ వెళ్ళి ఏజెన్సీ మేడమ్‌తో, "అది నమూనా అండీ, ఆయనది కాదు" అంది. "ఆయనకి నచ్చింది కదా, నీకేం బాధ?" అందావిడ. అక్క ఊరుకుంది. అదీ దాని జబ్బు, ఊరుకోవడం.

వ్యాసం బయటికొచ్చింది. జనం ఏడ్చారట, ఒకరికొకరు పంపించుకున్నారట. ఛైర్మన్ గారు సభల్లో అదే చెప్పడం మొదలుపెట్టారు. చెప్పినప్పుడల్లా కథ పెరిగింది. అయిదుసార్లు కాస్తా పదకొండుసార్లయింది. పుస్తకం వేస్తే మొదటి అధ్యాయం అదే. ఇదంతా అక్క నాతో ఒక్క ముక్క అనలేదు.

ఈ ఏడాది చిన్ని ఆర్కిటెక్చర్ కాలేజీకి దరఖాస్తు పెట్టింది. ఫీజు లేని సీట్లు పన్నెండే. 'మీకు దారి చూపిన మనిషి' అని వ్యాసం రాయమన్నారు. "చూపించవే, ఒకసారి చదువుతా" అని అక్క బతిమాలింది. "చూపించను. నువ్వు సరిదిద్దుతావు, అది నీదైపోతుంది" అని చిన్ని కాగితాలు గుండెకి అదుముకుని పారిపోయింది. మొదటి జాబితాలోనే పేరొచ్చింది. ఆ సాయంత్రం నేను నిజంగా గెంతాను, కింద పోర్షనువాళ్ళు పైకొచ్చి అడిగారు ఏమైందని.

పది రోజులకి కాలేజీ నుంచి ఉత్తరం. వ్యాసంలోని సంగతి ఫలానా ఛైర్మన్ గారి పుస్తకం నుంచి ఎత్తి రాసినట్టు తేలింది, వారంలో సంజాయిషీ ఇవ్వకపోతే సీటు రద్దు.

"నేనెక్కడా చూసి రాయలేదమ్మా! నువ్వు చెప్పిందే రాశా. ఆయనెవరో కూడా నాకు తెలీదు" అని చిన్ని వెక్కి వెక్కి ఏడ్చింది. అక్క గుమ్మడికాయల దొంగ భుజాలు తడుముకున్నట్టు, అడక్కుండానే అంతా కక్కేసింది.

నాకు ఒళ్ళు మండిపోయింది. "నాన్న నీ ఒక్కదానికే నాన్నా? నన్నడిగావా రాసిచ్చేముందు?" అని ఇల్లు ఎగిరిపోయేలా అరిచాను. కాసేపటికి నేనే తేరుకుని, "సరే, అయిందేదో అయింది. రేపు కాలేజీకి వెళ్ళి నిజం చెప్పెయ్" అన్నాను.

"చెప్పకూడదని సంతకం పెట్టానే. ఆయన రాసింది ఆయనది కాదని బయటంటే ఉద్యోగం పోతుంది, పైగా కోర్టుకీడుస్తారు. అప్పుడు సీటొచ్చినా దీని హాస్టలు ఖర్చెవరు పెడతారు?"

"నేనేం సంతకం పెట్టలేదుగా. నేను చెప్తా!"

"నువ్వు చెప్పినా నేను చెప్పినట్టే. అయినా ఆయన మాట నమ్ముతారా, కళ్ళజోళ్ళ షాపామె మాట నమ్ముతారా?"

కరవమంటే కప్పకి కోపం, విడవమంటే పాముకి కోపం. చివరికి అక్క మేడమ్ కాళ్ళావేళ్ళా పడింది. ఆ కథ మా కుటుంబంలోదీ కావచ్చునని ఛైర్మన్ గారు ఒక్క వాక్యం రాసిస్తే చాలంది. మేడమ్ ఆయన దగ్గరికి తీసుకెళ్ళింది.

అక్క ఆయనతో అందట, "సర్, ఆ లిఫ్టు కథ... అది మా నాన్నగారిదండీ."

ఆయన కోప్పడలేదు. కోప్పడినా బాగుండేది. కళ్ళు తుడుచుకున్నాడట! "అదేనమ్మా ఆ కథ గొప్పతనం. ఎవరు విన్నా వాళ్ళ నాన్నే గుర్తొస్తాడు. మొన్న మా డ్రైవరూ అదే అన్నాడు" అన్నాడట. అబద్ధమాడట్లేదట. అన్ని సభల్లో చెప్పి చెప్పి నమ్మేశాడు. పైగా, "పాప మీద నాకేం కోపం లేదు. క్షమించమని కాలేజీకి నేనే ఉత్తరం రాస్తాను" అని భుజం తట్టి పంపించాడు. అత్త సొమ్ము అల్లుడి దానం!

బయటికి రాగానే మేడమ్ అంది, "సాయంత్రంలోగా డ్రాఫ్టు పంపించు. ఆయన ఉత్తరాలన్నీ నువ్వేగా రాసేది."

అక్క వంటింటి బల్ల దగ్గర కూర్చుంది. నేను ఎదురుగా నిలబడి, "రాయకు. ఆ చేత్తో ఇది మాత్రం రాయకక్కా" అన్నాను.

"నేను రాయనంటే ఇంకొకడు రాస్తాడు. వాడికి నా బిడ్డ మీద జాలెందుకుంటుంది?" అంది. రాసింది, కొట్టేసింది, మళ్ళీ రాసింది. మూడుసార్లు లేచి మొహం కడుక్కుంది. సాయంత్రానికి పంపించేసింది. ఎవరు రాశారో చిన్నికి చెప్పొద్దని నాతో ఒట్టేయించుకుంది.

గడువుకి ఒకరోజు ముందు ముగ్గురం కాలేజీకి వెళ్ళాం. రిజిస్ట్రారు కళ్ళద్దాలు సర్దుకుని ఉత్తరం పైకి చదివాడు.

"చిన్నపిల్ల. మంచి సంగతి విని, అది తన ఇంటిదే అయితే ఎంత బాగుండునని ఆశపడింది. ఆ ఆశని నేను దొంగతనమనలేను. మా నాన్నగారే ఉంటే 'ఎక్కనివ్వండి, పసిది' అనేవారు..."

గదిలో ఉన్న గుమాస్తా కూడా తలూపాడు. నా పళ్ళు ఎంత గట్టిగా బిగుసుకున్నాయంటే దవడ నొప్పెట్టింది. చిన్ని మొదట ఉత్తరం వైపు చూసింది. 'పసిది' అన్న మాట దగ్గర తలతిప్పి వాళ్ళమ్మని చూసింది. ఆ తర్వాత ఇక చూపు తిప్పలేదు. అక్క మాత్రం నేలకేసే చూస్తూ కూర్చుంది.

"ఎంత గొప్ప మనసో చూశావా? ఆ తండ్రి పెంపకం అలాంటిది. నేర్చుకో" అన్నాడు రిజిస్ట్రారు.

"నేర్చుకుంటానండి" అంది చిన్ని. చేసిన తప్పు ఒప్పుకుంటున్నానన్న కాగితం ముందుకి తోశాడు. సంతకం పెట్టింది. సీటు నిలబడింది.

తిరుగు బస్సులో చిన్ని అక్క పక్కన కూర్చోలేదు. వచ్చి నా పక్కన కూర్చుంది. అక్క ముందు సీట్లో ఉంది, వీపు కనబడుతోంది. ఒట్టేశాను కాబట్టి నేనైతే నోరు మూసుకునే ఉన్నాను. చిన్ని నిజానికి నన్నేమీ అడగలేదు. రెండు స్టాపులు దాటాక ముందుకి వంగి, వాళ్ళమ్మని కోపం లేకుండా, ఇంట్లోకి ఏం కావాలో అడిగినట్టు అడిగింది.

"అమ్మా, నువ్వు నాకు చెప్పినవాటిలో ఆయనకి ఇంకా ఏమేం ఇచ్చావు? చెప్పు. కాలేజీలో ఎవరి దగ్గరా పొరపాటున అనకుండా ఉంటాను."

అక్క వెనక్కి తిరగలేదు. నాకే సరిగ్గా వినపడనంత మెల్లగా చెప్పడం మొదలుపెట్టింది.

"అమ్మమ్మ ఆఖరి రోజుల్లో అన్న మాటలు... మీ నాన్న మొదటి జీతం తెచ్చిన రోజు..."

చిన్ని ఒక్కొక్కదానికీ "ఊఁ" కొడుతోంది.

"నువ్వు పుట్టిన రోజు" అంది అక్క.

ఆ ఒక్కదానికి మాత్రం చిన్ని ఊఁ కొట్టలేదు.