తీన్‌మార్ దరువులో యుద్ధం

మా తెలుగు సంఘం వాళ్ళకు నిశ్శబ్దమంటే గిట్టదు. సంతాపసభ పెట్టినా వెనకాల ఏదో ఒక పాట మోగాల్సిందే. అలాంటివాళ్ళు మొన్న ఇక్కడ కెనడాలో, మా మిల్టన్‌లో మొదటి ప్రపంచయుద్ధం నాటి మూకీ వార్తాచిత్రం వేస్తామంటే, బుద్ధి తక్కువై నమ్మాను. పనిగట్టుకుని ఓక్‌విల్ వెళ్ళి, అక్కడుండే, నాకు బాగా తెలిసిన ఎనభై దాటిన ఆంటీని కారెక్కించుకుని వచ్చాను. ఆవిడ తాతగారు ఆ యుద్ధానికి సిపాయిగా వెళ్ళి తిరిగి రాలేదు. ఇంట్లో ఆయన ఫొటో ఒక్కటీ లేదు.

"మొహం ఎలాగూ తెలియదు. వాళ్ళెలా నడిచేవాళ్ళో చూసినా చాలమ్మా," అని దారి పొడుగునా అంటూనే ఉంది.

బొమ్మ మొదలైంది. ఓడ దిగుతున్న మన సిపాయిలు, రొట్టెలు కాలుస్తున్నవాళ్ళు, బకెట్ దగ్గర తల రుద్దుకుంటున్నవాళ్ళు. చేత్తో తిప్పిన కెమెరాతో తీసిన రీలు అది. ఇప్పటి వేగంతో వేస్తే మనుషులు చీమల్లా పరుగులు పెడతారు. ఆ వేగం తగ్గించాలన్న ఇంగితం ఒక్కరికీ లేదు. పైగా దానికి తీన్‌మార్ డప్పు తగిలించారు. హాలంతా ఒకటే నవ్వులు. నా పక్కనున్న రిటైర్డ్ ఇంజనీరు గారైతే సమోసా నములుతూ పడీ పడీ నవ్వాడు.

లేచి ప్రెసిడెంటు గారి దగ్గరికి వెళ్ళాను.

"కాస్త స్లో చేయించండి. ముందు ఆ డప్పు ఆపించండి."

"సౌండ్ లేకపోతే జనం బోర్ ఫీలవుతారండీ. అందరూ ఎంజాయ్ చేస్తున్నారుగా."

"చచ్చిపోయినవాళ్ళండీ వాళ్ళు."

"ఇంకో రెండు నిమిషాలే మేడమ్. అవతల బిర్యానీ చల్లారిపోతోంది."

ఛీ, ఇన్నేసి చదువులు చదివి ఏం లాభం? సిగ్గూ ఎగ్గూ లేని మంద. అందులో నేనూ ఏటా చందా కట్టే మనిషినని తలుచుకుంటే ఇంకా అసహ్యం వేసింది.

తిరిగొచ్చేసరికి తెర మీద గాయపడినవాళ్ళు వరసగా పోతున్నారు. తలలకు కట్లు, చేతుల్లో కర్రలు. కుంటే ప్రతి అడుగూ డప్పుకు సరిగ్గా పడుతోంది. ఎవరో ఈల వేశారు. ఆంటీ ముందు కుర్చీ పట్టుకుని మెల్లగా లేచి నిలబడింది.

"ఆంటీ, కూర్చోండి ప్లీజ్. స్క్రీన్ కనబడట్లేదు," అన్నాడు వెనక వరసలో ఒకాయన.

ఆవిడ తెర మీంచి చూపు తిప్పలేదు.

"వీళ్ళలో మా తాత ఎవరో నాకు తెలియదు నాయనా. అందరూ వెళ్ళాక కూర్చుంటాను."