ఓడ మీద కట్టిన వల

ఓడ మీద నుంచి బంతి నీళ్ళలో పడితే తెచ్చిచ్చేది మేమే, నేనూ మా బావా. అక్కడి నుంచే మొదలుపెడతాను. ఎలా మొదలుపెట్టాలో తెలియక ఇప్పటికే కాయితాలు చింపేశాను. ఐదో తరగతితో బడి మానేసినవాణ్ణి. వరస తప్పితే ఏమీ అనుకోకండి.

రెండు వేల సంవత్సరం దాటిన కొత్త. స్టీలు ప్లాంటుకి బొగ్గు తెచ్చిన ఓడ ఒకటి, బొగ్గు దించాక వెళ్ళలేకపోయింది. యజమాని మీద ఎవరో కేసు వేశారట, కోర్టు ఓడని కదలొద్దంది. హార్బరు బయట లంగరు వేసి వదిలేశారు. మాకేమో అప్పుడు వేట నిషేధం, సముద్రంలో వల వేయకూడని రోజులు. వన్ టౌన్‌లో ఓడలకి సరుకులిచ్చే షావుకారు మా ఇంజను పడవ మాట్లాడుకున్నాడు. మంచినీళ్ళు, బియ్యం, కూరలు ఆ ఓడకి చేర్చాలి. ఇంజను బావ పట్టేవాడు. బావంటే మా అక్క భర్త. చిన్నప్పటి నుంచి పోర్టులో తిరిగినవాడు కాబట్టి ఓడవాళ్ళ ఇంగ్లీషు వచ్చు. నాకు రాదు. ఇందులో ఆ ఓడ మనిషి మాటలన్నీ బావ చెబితే నాకు తెలిసినవే.

మొదటి రోజే మా పడవ పక్కన ఏదో దభీమని పడింది.

"ఏట్రా అది?" అన్నాడు బావ.

"బంతి బావా."

"తాగడానికి నీల్లు లేవు గాని ఈల్లకి ఆటలు కావాల!"

పైన కటకటాల మీదికి వంగి ఒక పొడుగాటి తెల్లాయన రెండు చేతులూ చాపి అడుగుతున్నాడు. నేను బంతిని వంకాయల బుట్టలో పెట్టాను. వాళ్ళు తాడుతో పైకి లాక్కున్నారు. తర్వాత మేమూ నిచ్చెనెక్కాం. ఆయన చొక్కా మీద ఎర్రవీ తెల్లవీ గళ్ళు.

"సూడ్రా, మన లుంగీ కుట్టించుకున్నాడు" అన్నాడు బావ.

ఏమన్నావని ఆయన అడిగాడు. బావ నిజమే చెప్పేశాడు. ఆయన చొక్కాని రెండు వేళ్ళతో పట్టుకుని చూసుకుని నవ్వాడు. వాళ్ళది క్రొయేషియా. ఆ పేరు మేము టీవీలో ప్రపంచ కప్పు చూసినప్పుడే విన్నాం. ఆ జట్టులో ఆడావా అని బావ ఆత్రంగా అడిగాడు. లేదన్నాడు. ఆ చొక్కా బజారులో కొనుక్కున్నాడట.

ఆయన సంగతులు ఒక్కసారి చెప్పలేదు. వెళ్ళినప్పుడల్లా కొంచెం చెప్పేవాడు. వాళ్ళ ఊరూ రేవే. తండ్రి ఓడలు కట్టేచోట వెల్డింగు చేసేవాడు. కుర్రతనంలోనే ఊరి క్లబ్బు ఈయన్ని పిలిచింది. పెద్దల జట్టులో చోటు దొరికిన ఏడాదే యుద్ధం వచ్చింది. ఆట ఆగింది. మళ్ళీ మొదలయ్యేసరికి తనతో ఆడినవాళ్ళు కొందరు దేశం వదిలి పోయారు, కొందరు చచ్చిపోయారు. ఆ తర్వాత చలి దేశాల్లో చిన్న చిన్న క్లబ్బుల్లో జీతానికి ఆడాడు. మోకాలు దెబ్బతింటే డాక్టర్లు కోశారు. బాగయిందన్నాక మళ్ళీ కోశారు. ఆ పైన ఓడ పనికి వచ్చేశాడు. వాళ్ళ దేశం ప్రపంచ కప్పులో మూడో స్థానం తెచ్చుకున్న రోజున ఈయన ఏదో రేవులో, ఓడ ఇంజను గదిలో నూనె తుడుస్తున్నాడు. ఆ జట్టులో ఒకడికి చిన్నప్పుడు బంతులందించింది ఈయనే.

మైదానం మధ్యలో ఆడేవాడాయన. గోలు కొట్టడం, గోలు ఆపడం ఆయన పని కాదు. వెనకవాళ్ళ దగ్గర బంతి తీసుకుని ముందువాళ్ళకి అందించడమే. మా పేట జట్టులో నేనూ ఆ చోటే ఆడేవాణ్ణి, ఇసకలో, ఉత్త కాళ్ళతో. బావ ఆ మాట చెప్పగానే ఆయన నన్ను ఓడ మధ్యకి లాక్కెళ్ళాడు. సరుకు అరల మీద ఇనుప మూతలుంటాయి, ఇంటి గచ్చంత వెడల్పు. వాటి మీదే వాళ్ళ ఆట. నేను బంతి వైపే చూస్తూ నిలబడితే ఆయన నా గడ్డం పట్టుకుని తల పైకెత్తాడు.

"బంతి కాలికాడికి వచ్చాక సూస్తే ఏటి లాబం అంతన్నాడు. రాకముందే సుట్టూ సూసుకోవాలంట" అని అరిచాడు బావ.

ఒకరోజు ఆయన మమ్మల్ని కూచోబెట్టి, సొంతూరి క్లబ్బువాళ్ళు పిల్లలకి ఆట నేర్పడానికి రమ్మన్నారని చెప్పాడు. అక్కడ ఎండాకాలం సెలవులయ్యి బళ్ళు తెరిచేలోపు వెళ్ళాలి. వెళ్ళకపోతే ఇంకొకరిని పెట్టుకుంటారు. కానీ ఓడని మనుషుల్లేకుండా వదలకూడదట. ఈయనలా ఇంజను దగ్గర పనిచేసేవాడు బదులు మనిషి వస్తేనే దిగాలి. ఆ మనిషిని పంపాల్సిన యజమాని ఫోను ఎత్తడు. ఆట తప్ప నాకేమీ రాదు, ఇదొక్కటే మిగిలింది అన్నాడు.

అప్పటి నుంచి ఆయన రోజూ పరిగెత్తడం మొదలుపెట్టాడు, పిల్లల ముందు కుంటుతూ నిలబడకూడదని. బంతి మాటిమాటికీ నీళ్ళలో పడుతోందని మేము పాత వలలు తీసుకెళ్ళి కటకటాల పొడుగునా కట్టాం. మాకు తెలిసినట్టే కట్టాం, వదులుగా. ఆయన బంతి తన్నాడు. అది వలలో కూరుకుని పండుగప్ప చేపలా వేలాడింది. ఆయన పొట్ట పట్టుకుని నవ్వాడు. బిగించి కట్టండి, తగిలి వెనక్కి రావాలి అని చేతులతో చూపించాడు.

"బిగిస్తే సేప పడదు బావా!" అన్నాను.

"బంతి సేపేట్రా? కట్టు, కట్టు!"

బిగించాం. బంతి వెళ్ళి తగిలి ఆయన కాలి దగ్గరికే వచ్చింది. ఆ పూట ఆయన మమ్మల్నిద్దర్నీ 'బావ' అని పిలిచాడు. మేము ఒకరినొకరం అలా పిలుచుకోవడం వినీ వినీ అది పేరనుకున్నాడేమో. మేము దిద్దలేదు.

వేట నిషేధం అయిపోయింది. మేము వేటకి పోతూనే సరుకులు చేర్చేవాళ్ళం. బదులు మనిషి వచ్చే వారం వస్తాడని షావుకారు కొట్లో అనేవారు. ఆ వారం పోయాక మళ్ళీ వచ్చే వారమనేవారు. నిజంగానే ఒకరోజు వచ్చాడు. బొంబాయి వైపు కుర్రాడు, భుజాన కొత్త సంచి. మా పడవలోనే తీసుకెళ్ళాం. నిచ్చెన పై కొసన ఆయన గుండు నున్నగా గీయించుకుని, బూట్లు వేసుకుని, పెట్టె పక్కన పెట్టుకుని నిలబడి ఉన్నాడు. ఆ గళ్ళ చొక్కాయే వేసుకున్నాడు. మేము నీళ్ళ డబ్బాలు ఎక్కించేలోపే కుర్రాడు లోపలంతా చూసి వచ్చేశాడు. కరెంటు లేదు, ఇంజను గదిలో మోకాలి దాకా మురికి నీళ్ళు, తిండి అరలో బొద్దింకలు.

"ఏటి, దిగీసావ్?" అన్నాడు బావ.

కుర్రాడు మా పడవలో కూచుని తల అడ్డంగా ఊపాడు.

"ఓరి సచ్చినోడా, పైన ఆ మనిసి పెట్టి సర్దుకుని నిలబడ్డాడ్రా! రొండు దినాలుండు. ఆడు ఎల్లిపోయాక నువ్వూ దిగిపో."

కుర్రాడికి తెలుగు రాదు. వచ్చినా ఉండేవాడు కాదు. పైన ఆయనకి అంతా అర్థమైనట్టే ఉంది. పెట్టె తీసుకుని లోపలికి వెళ్ళాడు.

వానలు పట్టాక పోలీసుల దగ్గర ఒక్క పూటకి పాసు తీసుకుని ఆయన ఒడ్డుకొచ్చాడు. క్లబ్బువాళ్ళకి ఫోను చేయాలంటే వన్ టౌన్‌లో ఎస్టీడీ బూతుకి తీసుకెళ్ళాం. అద్దం తలుపు వెనక నిలబడి మాట్లాడుతుంటే మేము బయట నుంచి ఆయన మొహం చూస్తున్నాం. మొదట గట్టిగా మాట్లాడాడు. తర్వాత వింటూ ఉన్నాడు. ఫోను పెట్టేశాక కూడా బయటికి రాలేదు. వెనక వరసలో ఉన్నవాళ్ళు తలుపు కొట్టారు.

"ఏటన్నారు?" అడిగాడు బావ.

ఆయన మాకు అర్థమయ్యేలా తెలుగు కలిపి చెప్పాలని చూశాడు. "స్కూల్ ఓపెన్. పిల్లలకి న్యూ బావ" అన్నాడు.

టీ తాగుదామన్నాం. తాగాడు. ఎదురుగా గోనె బస్తాలు దించుతున్న కూలీల వైపు చూస్తూ కూచున్నాడు.

తర్వాత వెళ్ళినప్పుడు ఓడ మీద ఆయనొక్కడే బంతి తన్నుతున్నాడు. ఎండకీ వానకీ మా వల ఒకచోట పుచ్చిపోయింది. చూశాను, వచ్చేసారి దారం తెచ్చి అల్లాలనుకున్నాను. ఆయన ఆ చోటే గురి పెట్టి కొట్టాడో, పొరపాటున తగిలిందో నాకు తెలియదు. బంతి వల చింపుకుని మా మీదుగా వెళ్ళి దూరంగా నీళ్ళలో పడింది.

"పడవ పోనియ్యి బావా, అందుకుందాం" అన్నాను. బావ ఇంజను తిప్పాడు.

పైనుంచి ఆయన చెయ్యి ఊపాడు. రమ్మంటున్నాడనుకున్నాను.

"వద్దంతన్నాడ్రా" అన్నాడు బావ.

అలల మీద బంతి యారాడ కొండ వైపు పోతోంది. ఆయన అటు చూడలేదు. వంగి, మేము కట్టిన వల ముళ్ళు ఒక్కొక్కటీ విప్పుతున్నాడు. మా ముడి అంత తొందరగా ఊడదు. నేను నిచ్చెనెక్కి పక్కన కూచుని రెండో కొస నుంచి విప్పడం మొదలుపెట్టాను.