నాయన డ్రిల్లు మిషను

నిరుడు మా నాయన పెద్దకర్మ రోజు జరిగింది ఇది. మార్కాపురంలో ఇళ్ల గోడలకు పలకరాళ్లు బిగించడం ఆయన పని. పనిలోనే గుండె ఆగి పోయినాడు.

ఆయన ఫోటో తగిలించడానికి గోడకు రంధ్రం వేయాలి. నాయన బ్యాటరీ డ్రిల్లు మామ ఎంత నొక్కినా తిరగలేదు.

"ఇది గూడా బావతోనే పోయినట్టుందక్కా. పక్కింటోళ్లది తెస్తా," అన్నాడు.

"వద్దురా. ఆయన ఫోటోకు ఆయన మిషనే తిరగాల," అంది అమ్మ.

నలుగురిలో ముందుకు రావడం నాకు చేతకాదు. అయినా లేచి బ్యాటరీ ఊడదీసి ఛార్జరులో పెట్టాను. పచ్చదీపం వెలిగింది. ఛార్జింగు నిండుగా ఉంది, కానీ మిషనుకు కరెంటు అందడం లేదు. బ్యాటరీ మిషనుకు ఆనే ఇత్తడి రేకుల మీద నల్లటి పలకపొడి గట్టిగా పేరుకుంది.

నేను బడికెళ్లే రోజుల నుంచీ నాయన పని నుంచి రాగానే, "పాపా, నీ రబ్బరు ఇట్లియ్యి," అని ఆ రేకులు రుద్దుకునేవాడు. చివరి రోజు రుద్దుకోవడానికి ఆయన ఇంటికి రాలేదు.

కాగితం పరిచి, రబ్బరుతో రేకులు రుద్దాను. ఈసారి మిషను తిరిగింది. కాగితం మీది పొడిని పారబోయబోతే అమ్మ చెయ్యి పట్టుకుంది.

"ఉండనియ్యి తల్లీ. అది ఆయన చేసిన పనే గదా."

కాగితం మడిచి కొంగున కట్టుకుంది.

రబ్బరు ఇంకా నా పుస్తకాల పక్కనే ఉంటుంది. సాయంత్రమైతే ఎవరైనా అడుగుతారేమోనని అనిపిస్తుంది.